చివరి వాక్యం కింద గీత

కల్యాణ మండపం గేటుకు కట్టిన ఫ్లెక్సీ మీద అక్క నవ్వుతోంది. బతికుండగా ఫోటో కోసం ఆమె నవ్విన దాఖలా నాకు తెలిసి లేదు. ఫ్లెక్సీ వేసినవాడు దయగల మనిషి, కంప్యూటర్లో పెదవుల చివర్లు కాస్త పైకి లాగినట్టున్నాడు. ఫోటో కింద ‘ప్రముఖ బాలల నీతికథా రచయిత్రికి అశ్రునివాళి’ అని ఉంది. దాని కింద నివాళి అర్పిస్తున్న పెద్దల ఫోటోలు పదకొండు. వాళ్లందరూ ఎవరి సాయమూ లేకుండా నవ్వుతున్నారు.

ఆమె పేరు నేనిక్కడ రాయను. ఫ్లెక్సీ మీద రెండడుగుల అక్షరాలతో వేశారు, అది చాలు. నేను అక్కా అనే పిలిచేవాణ్ణి.

అక్క జన్మలో ఒక్క నీతికథ రాయలేదు. పిల్లల కోసం పద్నాలుగు నవలలు రాసింది. వాటిలో మునసబు పని చేసే పీత ఉంది. నిలబడి నిలబడి విసుగొచ్చి సముద్రంలోకి నడిచిపోయిన దీపస్తంభం ఉంది. గాలిని కుండల్లో పట్టి సంతలో అమ్ముకునే ముసలమ్మ ఉంది. నీతి మాత్రం లేదు. అచ్చులో ప్రతి అధ్యాయం చివరా కనిపించే నీతులన్నీ నావి. ఆ సంగతి ఆ మండపంలో తెలిసినవాణ్ణి నేనొక్కణ్ణే. అందుకని ఆ ఫ్లెక్సీ మీద కోపం తెచ్చుకునే హక్కు నాకెంత ఉందో తేలక గేటు దగ్గరే కాసేపు నిలబడ్డాను.

అక్కది మైపాడు. పని నెల్లూరులో. రిజిస్ట్రేషన్ ఆఫీసు ఎదురుగా టార్పాలిన్ పట్ట కింద ఒక రేకు బల్ల, రెండు కుర్చీలు. దస్తావేజులు రాసేది. అమ్మకాలు, భాగపంపకాలు, దానపత్రాలు. ఆ వరసలో కూర్చునే తొమ్మిది మంది లేఖరుల్లో ఆడమనిషి ఆమె ఒక్కతే. కళ్లజోడు జారకుండా బూటు లేసుతో మెడకు కట్టుకునేది. మామూలు రోజుల్లో నల్ల లేసు, ఆదివారం చర్చికి తెల్లది. వచ్చినవాళ్లు అన్నదమ్ముల గొడవలన్నీ ఏకరువు పెడుతుంటే ఊఁ కొడుతూ విని, చివరికి ఒకే ప్రశ్న వేసేది:

“అదంతా దేవుడు చూసుకుంటాడు గానీ, తూర్పు ఎవరిదో చెప్పు సామీ.”

పక్క బల్ల లేఖరి ఆమెను రోజుకొకసారి ఆట పట్టించకపోతే ఆయనకు అన్నం అరిగేది కాదు. “ఏందక్కా, నిజం రాసేదానికి స్టాంపు పేపరు కావాల, అబద్ధం రాసేదానికి తెల్లకాగితం చాలునా?” అనేవాడు. అక్క తల ఎత్తకుండానే, “నువ్వు స్టాంపు పేపరు మీద రాసేది నిజమని నీకెవరు చెప్పినారబ్బయ్యా?” అనేది.

అక్క దస్తావేజు బుద్ధి నవలల్లోకీ వచ్చేసింది. ఏ మాయా రాజ్యాన్ని మొదలుపెట్టినా ముందు నాలుగు హద్దులు రాసేది. పీతల రాజ్యానికి తూర్పు సముద్రం, దక్షిణం ఎవరికీ చెందని ఇసుకదిబ్బ, పడమర మనుషుల భయం, ఉత్తరం నిన్న కురిసిన వాన. ఈ నాలుగు హద్దుల మధ్య గల రాజ్యంలో ఒకనాడు... అని కథ కదిలేది. పిల్లలకు ఇది ఎంత నచ్చిందంటే తమ ఇళ్ల హద్దులు రాసి ఉత్తరాలు పంపేవారు. బుచ్చిరెడ్డిపాలెం నుంచి ఒక పాప కార్డు రాసింది: ‘మా ఇంటికి తూర్పు మా పెదనాన్న. పడమర కూడా మా పెదనాన్నే. మేం ఎటు ఆడుకోవాలి?’ ఆ కార్డును అక్క కళ్లజోడు పెట్టెలో మడిచి పెట్టుకుంది. వచ్చిన సన్మానపత్రాలు ఎక్కడ పెట్టిందో నాకు తెలియదు. ఆమెకూ తెలిసినట్టు లేదు.

దస్తావేజు బుద్ధి ఇంకొకటి ఉంది. పత్రం రాయడం పూర్తయ్యాక చివరి వాక్యం కింద ఖాళీ మిగిలితే లేఖరి దాన్ని అలా వదిలెయ్యడు. ఈ మూల నుంచి ఆ మూలకు ఏటవాలుగా గీత కొట్టేస్తాడు. వదిలితే తర్వాత ఎవడో వచ్చి అక్కడ ‘మరియు పెరట్లోని బావి కూడా’ అని చేర్చుకుంటాడు. అక్క తన నవలల్లో ప్రతి అధ్యాయం కిందా, స్కేలు పెట్టి మరీ, అదే గీత గీసి పంపేది.

ఎమ్మే తెలుగు పాసై నెల్లూరులో ఒక పిల్లల మాసపత్రికలో సహాయ సంపాదకుడిగా చేరిన కొత్తల్లో నాకు ఆ గీతతో పరిచయమైంది. మా ఎడిటర్ గారికి ఒక సిద్ధాంతం ఉండేది: నీతి లేని కథ ఉప్పు లేని పప్పు. ఆయన బీపీ మనిషి, ఉప్పు లేని పప్పే తినేవాడు. అయినా ప్రతి కథ కిందా బాక్సు కట్టి అందులో నీతి వెయ్యాలన్నది పత్రిక నియమం. రాసే బాధ్యత నాది. అక్క నవలలు మా పత్రికలో నెలకో అధ్యాయంగా వచ్చి, తర్వాత ఆ బాక్సులతోనే పుస్తకాలయ్యేవి. అలా ఒక నెల దీపస్తంభం సముద్రంలోకి నడిచిపోయే అధ్యాయం వచ్చింది. ఇన్నాళ్లూ దూరం నుంచి దారి చూపించిన ఓడల్ని ఒక్కసారైనా దగ్గరగా చూడాలని అది వెళ్తుంది. చదివి నేను ఒళ్లు మరిచిపోయాను. తర్వాత ఒళ్లు గుర్తొచ్చి, గీత చెరిపేసి, కింద బాక్సు కట్టి రాశాను: ‘నీతి: ఎవరి పని వారు శ్రద్ధగా చేసుకోవాలి.’

పత్రిక బజారుకు వెళ్లిన మర్నాడు అక్క ఆఫీసుకు వచ్చింది. నేను ఆమెను చూడడం అదే మొదలు. నా బల్ల మీద ఆ పేజీ తెరిచి పెట్టి, వేలితో బాక్సు చూపించింది.

“ఈ గది ఎవరు కట్టినారు?”

“ఏ గదక్కా?”

“నేను రాసి, కింద గీత కొట్టి ఇచ్చినాను. గీత కింద ఇంకో గది లేచింది. ప్లాను యాడ? పర్మిషను యాడ?”

“గీత డిజైను అనుకున్నామక్కా” అన్నాను.

అక్క నన్ను కాసేపు జాలిగా చూసింది. “నెల్లూరు జిల్లాలో ఆ గీత ఏందో తెలియనోళ్లు ఇద్దరే సామీ. ఒకరు ఇంకా పాలు తాగుతుండారు. రెండో ఆయన ఎమ్మే చదివినాడు.”

గొడవ విని ఎడిటర్ గారు లోపల్నుంచి వచ్చారు. “అమ్మా, కథ వల్ల పిల్లలకు ఏదో ఒక ఉపయోగం ఉండాలి గదమ్మా” అన్నారు.

“సముద్రం వల్ల ఏం ఉపయోగం అని పిలకాయలు అడగరు సార్. పోతారు, తడుస్తారు, వస్తారు.”

ఎడిటర్ గారు వదల్లేదు. “ప్రభువు కూడా కథల్లో నీతే చెప్పాడు గదమ్మా?”

“జనానికి కతే చెప్పినాడు సార్. అర్థం చెప్పమని వెంటబడి విసిగించింది శిష్యులు.”

ఆమె వెళ్లిపోయాక ఎడిటర్ గారు, “మంచి రచయిత్రి. కొంచెం మొండి. నీతి మాత్రం ఆపకు” అన్నారు. నేను ఆపలేదు. అక్క కూడా గీత ఆపలేదు. నెలనెలా గీత లావవుతూ వచ్చింది. పెన్సిలు పోయి పెన్ను వచ్చింది, నీలం పోయి ఎరుపు వచ్చింది. ఒక నెల రెండు గీతలు అడ్డంగా కొట్టి మధ్యలో ‘దయచేసి’ అని రాసింది. నేను నాకు తోచినంత దయ చూపించి, ఆ నెల నీతిని ఒక్క లైనుకు కుదించాను. పత్రిక మూతపడేదాకా, దాదాపు ఇరవై ఏళ్లు, మా మధ్య ఇదే వ్యవహారం. ఇంత జరిగినా ఆమె నాకు టీ ఇప్పించడం మానలేదు. అది క్షమాగుణమో, నన్ను లెక్కలోకి తీసుకోకపోవడమో ఇప్పటికీ తేల్చుకోలేకపోతున్నాను.

ఊళ్లో పెద్దమనుషులకు అక్క నవంబరులో మాత్రమే గుర్తొచ్చేది. బాలల దినోత్సవం రోజు శాలువా కప్పి, “పిల్లల కోసం ఏదో రాస్తుంటారు” అని పరిచయం చేసి, వేదిక మీద చివరి కుర్చీలో కూర్చోబెట్టేవారు. “పెద్దలకు ఎప్పుడు రాస్తారమ్మా?” అని ఒకాయన ఏటేటా అడిగేవాడు. “పెద్దలకు పగలంతా రాస్తానే ఉండాను సార్. ఒక్కరూ పూర్తిగా చదివి సంతకం పెట్టరు” అనేది అక్క. ఆయన నవ్వి, మళ్లీ ఏడాది అదే ప్రశ్న జాగ్రత్తగా పట్టుకొచ్చేవాడు.

ఆమె అసలు ఎడిటర్లు ఎవరో చూడాలంటే సాయంత్రం మైపాడు బస్సెక్కాలి. ఒకసారి నన్నూ ఎక్కించింది. పొద్దున చేపలు తెచ్చి నెల్లూరులో అమ్ముకున్న ఆడవాళ్లు ఖాళీ గంపలు ఒడిలో పెట్టుకుని వెనక సీట్లలో కూర్చుంటారు. అక్క వాళ్ల మధ్య ఇరుక్కుని, సంచీలోంచి కాగితాలు తీసి, ఆ వారం రాసింది బస్సు మోతను మించి చదువుతుంది. నేనెక్కిన రోజు పీత మునసబు దొంగను తరుముతూ నేరుగా పరిగెత్తుతోంది. కిటికీ పక్కన కూర్చున్న కోటమ్మ చెయ్యి అడ్డం పెట్టింది.

“ఆపు మే. పీత నేరుగా యాడ పోతాది? పక్కకి పోతాది.”

“ఇది మాయ పీతక్కా.”

“మాయదైతే? కాళ్లు పీతవే గదా!”

అక్క అక్కడికక్కడ ఆ పేరా కొట్టేసి, దొంగ ముందుకూ పీత పక్కకూ పరిగెత్తేట్టు మార్చింది. దాంతో దొంగను పట్టుకోవడానికి మునసబుకు ఇంకో రెండు అధ్యాయాలు పట్టింది. నవలలో అవే మంచి అధ్యాయాలు. వింటూ వింటూ ఎవరైనా కునుకు తీస్తే అక్క ఆగి, అక్కడ చిన్న చుక్క పెట్టుకునేది. ఇంటికి పోయాక ఆ భాగం తీసేసేది. నా వైపు తిరిగి, “చూసినావా సామీ, ఎడిటింగంటే ఇదీ” అంది. అప్పటికి నాకు ఆ ఉద్యోగంలో పదకొండేళ్ల అనుభవం ఉంది.

కోటమ్మ గురించి ఒక మాట చెప్పాలి. ఆమె మొగుడు వేటకని సముద్రం మీదికి పోయి పదహారేళ్లు దాటింది. తుపాను తగ్గాక పడవ ఒడ్డుకు కొట్టుకొచ్చింది. ఆయన రాలేదు. ఈ సంగతి ఆమె చెప్పుకోదు, ఆ బస్సులో ఎవరూ అడగరు.

అక్క చివరి నవల ఆ బస్సులోనే పూర్తయింది. ఆ రోజు కూడా నన్ను ఎక్కించింది. కథలో సముద్రానికి ఒక రోజు బుద్ధి పుడుతుంది, ఇన్నేళ్లూ తీసుకున్నవన్నీ తిరిగి ఇచ్చెయ్యాలని. అలలు ఒకదాని వెనక ఒకటి వచ్చి చెప్పులు, తెడ్లు, విరిగిన గాజులు, కొట్టుకుపోయిన గుడిసె తలుపులు, ఎవరిదో పెళ్లి పెట్టె ఒడ్డున పెట్టి పోతుంటాయి. ఊరంతా వచ్చి ఎవరివి వాళ్లు ఏరుకుంటారు. తండ్రి వేటకు పోయి తిరిగిరాని ఒక పిల్ల మాత్రం ఏమీ ఏరుకోదు. నీళ్ల వైపే చూస్తూ నిలబడుతుంది. అక్క చివరి వాక్యం చదివింది: ‘ఇంకా ఒక అల రావలసి ఉంది.’ ఆ తర్వాత పేజీ తిప్పబోయింది. కింద ఇంకా రాసుకున్నట్టుంది.

కోటమ్మ ఆమె మణికట్టు పట్టుకుంది.

“ఆడ ఆపు. ఇంకేం చెప్పబాకు.”

బస్సు ఇందుకూరుపేట దాటింది. అక్క మిగిలిన పేజీలు చించి కోటమ్మ గంపలో వేసింది. ఉన్న పేజీలో ఆ వాక్యం కింద ఖాళీ అంతటికీ గీత కొట్టింది. కుదుపులకు ఆ గీత వంకర పోయింది. ఆమె జీవితంలో స్కేలు లేకుండా గీసిన గీత నాకు తెలిసి అదొక్కటే.

జబ్బు చేసి లేవలేని రోజుల్లో నన్ను పిలిపించి, ఆ కట్టను స్టాంపు పేపర్ల కవర్లో పెట్టి ఇచ్చింది. “పుస్తకం వేయించు. వెయ్యకపోయినా పర్లేదు. గది మాత్రం కట్టబాకు సామీ” అంది. కట్టనన్నాను. ఈసారి నిజంగానే అన్నాను.

ఆమె పోయిన వారానికి సాహితీ సంఘం అధ్యక్షులవారు ఫోను చేశారు. సంస్మరణ సభ పెడుతున్నామని, ఆ రోజుకు ఆఖరి నవల అచ్చు వేసి పంచుతామని చెప్పారు. “ఒక్క అక్షరం మార్చకూడదండీ” అన్నాను. “అక్షరమా! ఎంత మాట” అన్నారు. కట్ట ఇచ్చేశాను. ఇరవై ఏళ్లు దస్తావేజు లేఖరి చేతి టీ తాగినవాణ్ణి, ఒక ముక్క రాయించుకోకుండా నోటిమాట మీద ఇచ్చేశాను. కొందరికి చదువు అబ్బదు, ఎమ్మే మాత్రం వస్తుంది.

సభకు మండపం బాగానే నిండింది. పెళ్లికొడుకు సింహాసనంలో అధ్యక్షులవారు, పెళ్లికూతురు సింహాసనంలో ముఖ్య అతిథి కూర్చున్నారు. వక్తలు ఒకరి తర్వాత ఒకరు అక్క నుంచి తాము నేర్చుకున్న క్రమశిక్షణ గురించి, పొదుపు గురించి, పెద్దల పట్ల గౌరవం గురించి చెప్పారు. వాళ్లలో ఆమె పుస్తకం ఒకటైనా చదివినవారు ఉంటే ఆ రహస్యాన్ని చక్కగా దాచుకున్నారు. వెనక వరసలో చేపలమ్మే ఆడవాళ్లు ఏడుగురు కూర్చున్నారు. గంపలు బయట పెట్టి రమ్మన్నారట. కోటమ్మ ఉతికిన చీర కట్టుకుని, చేతులు ఒడిలో ఎక్కడ పెట్టుకోవాలో తెలియనట్టు కూర్చుంది.

కొత్త పుస్తకం నుంచి చివరి అధ్యాయం చదవడానికి లోకల్ టీవీ యాంకరమ్మాయిని పిలిచారు. ఆ అమ్మాయి గొంతు బాగుంది. చెప్పులు, తెడ్లు, గాజులు ఒడ్డుకు వచ్చాయి. ఊరు ఏరుకుంది. పిల్ల నిలబడింది. వెనక వరస కదలకుండా వింటోంది.

“ఇంకా ఒక అల రావలసి ఉంది” అని చదివింది యాంకరు. చదివి, ఆగకుండా, “అంతలో ఆ అల వచ్చింది. అందులోంచి నాన్న నవ్వుతూ నడిచి వచ్చాడు. ఊరంతా పండగ చేసుకుంది. నీతి: ఓపికగా ఎదురుచూసేవారికి ఎప్పటికైనా మేలు జరుగుతుంది” అని ముగించింది.

ముందు వరసలు చప్పట్లు కొట్టాయి. కోటమ్మ లేచి నిలబడింది.

“అమ్మాయ్. ఆయన రాలేదు.”

యాంకరు తడబడింది. “పుస్తకంలో ఉందమ్మా.”

“పుస్తకంలో ఉంటే? నేను ఆడ ఆపమన్నా. ఆపింది. మీరెవరు తోలకొచ్చినారు ఆయన్ని?”

అధ్యక్షులవారు మైకు అందుకున్నారు. ఆయన చెడ్డమనిషి కాదు. చెడ్డవాళ్లతో ఇంత నష్టం జరగదు. “చూడమ్మా, ఇది కథ. చదివే చిన్నపిల్లలు బాధపడతారని మేమే సుఖాంతం చేశాం” అన్నారు.

“నా పిలకాయలు బాధపడినారు లేయ్యా. అప్పుడు యాడికి పోయినారు మీరు?” కోటమ్మ గొంతు పెద్దది కాలేదు. “వచ్చేటట్టయితే ఆయన ముందు మా ఇంటికి రావాల. కతలోకి తర్వాత.”

ఆమె నిలబడే ఉంది. ఎవరికీ ఏం చెయ్యాలో తోచలేదు. అధ్యక్షులవారికి మాత్రం తోచింది. “ఈ సోదరి ఆవేదన నుంచి మనం నేర్చుకోవలసింది ఏమిటంటే...” అని మొదలుపెట్టారు.

తర్వాత నన్ను పిలిచారు, మాజీ సహాయ సంపాదకులు, రెండు నిమిషాలు. నాకు నిమిషం కూడా పట్టలేదు. “అక్క పుస్తకాల్లో ఉన్న నీతులన్నీ నేను రాసినవి. అక్క గీత కొట్టి ఇస్తే చెరిపేసి రాశాను. వాటిలో ఒక్కటి కూడా నేను పాటించలేదు. ఇప్పుడు మీరు చేసింది నా దగ్గర నేర్చుకున్నదే” అన్నాను. మండపమంతా పగలబడి నవ్వింది. జోకులేస్తాడని ఊళ్లో నాకు పేరుంది. దాన్ని సంపాదించడానికి ముప్పై ఏళ్లు కష్టపడ్డాను, ఆ ఒక్క నిమిషం పనికిరాకుండా చేసుకోవడానికి.

దిగివచ్చి గుమ్మం దగ్గర బల్ల ముందు కూర్చున్నాను. పంచడానికి పుస్తకాలు దొంతర్లుగా పేర్చి ఉన్నాయి. ఒకటి తీసి చివరి పేజీ తెరిచి, ‘ఇంకా ఒక అల రావలసి ఉంది’ దగ్గర నుంచి బాక్సు అడుగుదాకా, ఈ మూల నుంచి ఆ మూలకు గీత కొట్టాను. రెండోది తీశాను. లోపల ఇంకా ఎవరో క్రమశిక్షణ గురించి మాట్లాడుతున్నారు. పదో పుస్తకమో పన్నెండో పుస్తకమో తీస్తుండగా కోటమ్మ బయటికి వచ్చింది.

“ఏం చేస్తుండావు సామీ?”

“గీత కొడుతున్నానక్కా.”

ఆమె నా పక్కన కుర్చీ లాక్కుని కూర్చుంది. ఆమెకు చదువు రాదు. “ఆ మాట యాడ ఉండాదో చూపించు” అంది. చూపించాను. ఆ వాక్యం కింద తన చూపుడువేలు ఆనించింది.

“ఈడ నుంచేనా?”

“ఈడ నుంచే.”

తర్వాతి పుస్తకం తనే తీసింది. చివరి పేజీ తనే తెరిచి, ముందటి పుస్తకంతో పోల్చి చూసుకుని, వేలు సరిగ్గా అక్కడే పెట్టి నా ముందుకు జరిపింది. నా పెన్ను మొండిది, కాగితం పల్చన.

“మెల్లగా కొట్టాలక్కా. వెనకపక్క అధ్యక్షులవారి సందేశం ఉంది. గీత దాంట్లోకి దిగుతుంది.”

“దిగనీ సామీ” అంది కోటమ్మ, ఇంకో పుస్తకం తీస్తూ.